ఆ ఆదివారం నన్ను చూసినవాళ్ళకు

సహోదరులారా, సహోదరీలారా, పాస్టరయ్యగారు సాక్ష్యానికి ఐదు నిమిషాలు ఇచ్చారు, దేవునికి స్తోత్రం, కానీ ముందే చెబుతున్నాను, నాకు ఇంకా కోపం తగ్గలేదు, తగ్గినట్టు నటిస్తూ దేవుని సన్నిధిలో అబద్ధం ఆడలేను!

నా భర్త సంగతి మీకు తెలియనిది కాదు. ఎనిమిదేళ్ళు కొట్టాడు, తాగి కొట్టాడు, తాగకుండా కూడా కొట్టాడు, చివరికి మా పాప చూస్తుండగానే నా చెయ్యి విరిచాడు, ఆ రోజే పాపను ఎత్తుకొని మా అమ్మ ఉండే కిరాయి ఇంటికి వచ్చేసి మెదక్ కోర్టులో గృహహింస కేసు వేశాను.

నోటీసు అందిన వారానికే ఆయన మా అత్తగారి చేత పోలీస్ స్టేషన్‌లో ఫిర్యాదు ఇప్పించాడు. ఏమని? ఫలానా ఆదివారం ఉదయం పదిన్నరకు నేనూ మా అమ్మా వాళ్ళ ఇంట్లో జొరబడి అత్తగారిని రోకలితో కొట్టామట! మా అమ్మ మోకాళ్ళ నొప్పులతో బకెట్ నీళ్ళు కూడా ఎత్తలేదు, ఇక రోకలి ఎత్తుతుందా! క్రిమినల్ కేసు అయింది. వెంటనే ఆయన కోర్టులో, "కేసున్న తల్లి తాన బిడ్డ ఉండొద్దు, నాకిప్పియ్యుండ్రి" అని పాప కోసం ఇంకో పిటిషన్ వేశాడు. అసలు సంగతి అదీ! నా బిడ్డను గుంజుకోవడానికే నన్ను నేరస్తురాలిని చేశాడు.

ఇప్పుడు వినండి. ఆయన మందిరానికి రాడు కదా, తల్లి ఎటు పోతుందో కూడా పట్టదు, ఆదివారం పొద్దున అందరూ తనలాగే ఇంట్లో పడి ఉంటారనుకొని అదే రాయించాడు, చదువురాని తల్లి చేత వేలిముద్ర వేయించాడు. ఆ పదిన్నరకు నేను ఇదిగో ఈ పక్క గదిలో సండే స్కూల్ పిల్లలకు పాట నేర్పుతున్నాను, మా అమ్మ ఆ గోడకు ఆనుకొని కూర్చుంది, దెబ్బలు తిన్న మా అత్తగారేమో రెండో వరుసలో చప్పట్లు కొడుతూ పాడుతున్నది! ఇవాళ కూడా అక్కడే ఉంది. అత్తమ్మా, తల దించుకోకు, నా కోపం నీ మీద కాదు.

నా కోపం మీ మీద! మీరంతా చూశారు. ఒక్కరు స్టేషన్‌కు వచ్చి ఒక్క మాట చెప్పండని ఇంటింటికీ తిరిగి కాళ్ళావేళ్ళా పడ్డాను. "గవి పోలీసు ముచ్చట్లు బిడ్డా, మేమొస్తే సంఘం పేరు ఖరాబైతది, ప్రార్థన జేస్తం, నువ్వు పో" అన్నారు పెద్దలు. పైగా కేసు తేలేదాకా పిల్లలకు చెప్పొద్దని సండే స్కూల్ మాన్పించారు. ఏం మనుషులండీ మీరు!

ఇంటికి పోయి మోకరించి, "ప్రభువా, ఎవ్వలు నోరిప్పుతలేరు, నువ్వు సూశినవ్ గద, నువ్వన్న చెప్పు!" అని అరిచాను. అది ప్రార్థన కాదు సహోదరులారా, కొట్లాట! అయినా ఆయన విన్నాడు.

మా గల్లీలో ఖాజా భాయ్ అని ఆటో నడుపుతాడు. ఆ పొద్దున పదింటికి నన్నూ అమ్మనూ మందిరం గేటు దగ్గర దించింది ఆయనే, అత్తగారు అక్కడ చెప్పులు విడుస్తుంటే చూసిందీ ఆయనే. నేను అడగనే లేదు, సంగతి విని తనే వచ్చాడు. "పరేషాన్ గాకు చెల్లె, నేనే దింపిన, ఒంటిగంటకు నేనే తీస్కొచ్చిన. ఉన్నదున్నట్టు చెప్పెతందుకు నాకేం డర్?" అని ఆటో పక్కన పెట్టి రెండు రోజులు స్టేషన్ ముందు కూర్చొని వాంగ్మూలం ఇచ్చాడు. మన ప్రార్థనలు తెలియని మనిషి నా ప్రార్థనకు జవాబుగా వచ్చాడు, స్తోత్రం!

మా వకీలమ్మ కేసు కొట్టేయమని హైకోర్టుకు పోయింది. జడ్జిగారు కాగితాలన్నీ చూశారు. నోటీసు అందిన వారానికే ఫిర్యాదు, దెబ్బలకు ఒక్క దవాఖానా చీటీ లేదు, ఖాజా భాయ్ మాటను పోలీసులే రాసుకొని పక్కన పడేశారు. భార్య కోర్టుకెక్కిందన్న కక్షతో పెట్టిన కేసు ఇది, దీన్ని నడవనివ్వడమే అన్యాయం అని మా ఇద్దరి మీదా కొట్టేశారు. దేవునికే మహిమ!

కానీ పాప పిటిషన్ ఇంకా ఉంది, బుధవారం మెదక్ కోర్టులో విచారణ. ఈ ఎనిమిదేళ్ళు నా వాచిన ముఖం మీరు ప్రతి వారం చూశారు, ఆ మాట జడ్జిగారి ముందు చెప్పడానికి ఇద్దరు కావాలి. దేవుణ్ణి నమ్మండి, నన్ను కేసు నుంచి విడిపించినవాడు మిమ్మల్ని ఈ భయం నుంచి విడిపించలేడా? "తీర్మానం చేసుకున్నవాళ్ళు చేతులెత్తండి" అనేటప్పుడు పాస్టరయ్యగారు అందరినీ కళ్ళు మూసుకోమంటారు. నేను అనను. కళ్ళు తెరిచే ఉంచండి. బుధవారం నాతో ఎవరు వస్తారు? చేతులెత్తండి.