కొండకింద చేను లేని పుస్తకం

పోయిన నెల మా అన్నయ్య ఆటోలో ఒక పుస్తకాల కట్ట పంపించాడు. చనిపోయిన మా బాబాయి రాసిన చరిత్ర పుస్తకాలన్నీ కలిపి ఒకే సంపుటంగా వేయించాడట, నరసరావుపేటలో ఆవిష్కరణ సభట, నేను తప్పకుండా వచ్చి రెండు ముక్కలు మాట్లాడాలట. అట్ట నున్నగా మెరుస్తోంది. ముందు బాబాయి ఫొటో, వెనక అంతకన్నా పెద్దది అన్నయ్యది, ఎలక్షన్లప్పుడు గోడల మీద అంటించినట్టే చేతులు జోడించి. అట్టలు చూసి మురిసిపోయే అలవాటు నాకు లేదు, లోపల తిరగేశాను. కొండకింద చేను అధ్యాయం లేదు. ముందు అధ్యాయం అయిపోగానే, ఏమీ జరగనట్టు తర్వాతది హాయిగా మొదలైపోయింది. నాకు అరికాలి మంట నెత్తికెక్కింది.

బాబాయి అంటే మా నాన్న తమ్ముడు. నరసరావుపేట కాలేజీలో చరిత్ర చెప్పేవాడు. నేను ఆయనింట్లోనే ఉండి డిగ్రీ చదువుకున్నాను. మంచం కింద పుస్తకాలు, కిటికీలో పుస్తకాలు. పిన్ని బియ్యం డబ్బా మూత తియ్యాలంటే ముందు దాని మీదున్న ఈస్టిండియా కంపెనీ దొరల్ని దింపి పక్కన పెట్టాలి. పల్నాడులో పుట్టి వీరుల గురించి రాయకుండా ఇదేం పనయ్యా అని సాటి లెక్చరర్లు ఎగతాళి చేస్తే, "వీరుల గురించి రాసేవాళ్లు చానామంది ఉన్నారు, వాళ్లు తొక్కుకుంటా పోయిన నేల గురించి నేను రాస్తా" అనేవాడు. ఆయన రాసిందంతా నల్లమల అంచున బతికే చెంచుల గురించి, కంపెనీ వాళ్లు ఈ సీమకి కొత్తగా వచ్చినప్పుడు ఆ చెంచులకేం జరిగిందో దాని గురించి. అంతకుముందు కొండదారులకు కాపలా కాసినవాళ్లే దొరల కాగితాల్లో దొంగలైపోయారు.

ఆయనకొక పద్ధతి ఉండేది. ఏ అధ్యాయమైనా అచ్చుకు పంపేముందు వెల్దుర్తి అవతలి చెంచు గూడేనికి వెళ్లి, అందరినీ కూర్చోబెట్టి చదివి వినిపించాలి. వాళ్లు ఊఁ అంటేనే ప్రెస్సుకి. సెలవుల్లో నన్నూ వెంటబెట్టుకుని వెళ్లేవాడు. పొద్దు వాలాక ఆయన గొంతు క్లాసులో లాగే సాగేది, మధ్యమధ్య వేరుశనక్కాయలు ఒలిచే చప్పుడు. ఆ గూడెంలో ఒకావిడని ఆయన చెల్లెమ్మా అని పిలిచేవాడు, ఆ లెక్కన నాకు అత్త అయింది. అత్త ఊరికే వినే మనిషి కాదు. కంపెనీ సిపాయిలు రాగానే చెంచులు అడవిలోకి పారిపోయారని బాబాయి చదివితే, చెయ్యెత్తి ఆపింది. "పారిపోవటమేంది పంతులయ్యా? మా ఇంటికి మేం పోతే పారిపోయినట్టా?" బాబాయి వాదించాడు, తెల్లవాళ్ల కాగితాల్లో అలాగే ఉందన్నాడు. గూడెమంతా నవ్వింది. చివరికి ఆ వాక్యం కొట్టేసి, తిరుగు బస్సులో మాచర్ల దాకా మూతి ముడుచుకుని కూర్చున్నాడు.

కొండకింద చేను అధ్యాయం కూడా అక్కడే చదివాడు. ఆ చేను మాది. మా ముత్తాతల్లో ఒకాయన అడవి కొట్టి, చెమటోడ్చి సాగులోకి తెచ్చాడని మా ఇంట్లో పెళ్లిళ్లకీ తద్దినాలకీ చెప్పుకునే కథ. బాబాయి రాసింది వేరు. ఆ ముత్తాత చెంచుల్ని కంపెనీ సిపాయిలకి పట్టిచ్చాడు, దానికి బహుమానంగా వాళ్ల నేలే ఆయన చేతికొచ్చింది, వాళ్ల సమాధులు ఇప్పటికీ ఆ చేని పైగట్టున ఉన్నాయి. అది విన్నాక గూడెంలో ఎవరూ నవ్వలేదు. "ఉండనీ పంతులయ్యా, ఇది ఇట్టానే ఉండనీ" అంది అత్త. పుస్తకం వచ్చాక మా నాన్న "కొంపలో పెంట తెచ్చి బజార్లో పోశాడు" అన్నాడు. ఆ తర్వాత తమ్ముడితో నేరుగా మాట్లాడనే లేదు. బాబాయి ఊరొస్తే ఇద్దరూ ఒకే వసారాలో ఎదురెదురుగా కూర్చుని, వంటింట్లో ఉన్న మా అమ్మతో మాట్లాడేవాళ్లు. "ఆయనకి మజ్జిగ కావాలేమో అడుగు." "వద్దని చెప్పు వదినా." అమ్మ గరిటె పట్టుకుని ఇద్దరి మధ్యా ఆ మాటలు మోసేది. అయినా ఒకటి చెప్పుకోవాలి. మా నాన్న బతికున్నంతకాలం ఆ పైగట్టు మీద నాగలి పెట్టనివ్వలేదు.

అన్నయ్యకి ఆపాటి సిగ్గు కూడా లేదు. ఆయనింటికి వెళ్లి అధ్యాయం ఏదని అడిగాను.

"ఏందే పొద్దున్నే గోల? పేజీలు ఎక్కువైనయ్యని ప్రెస్సోళ్లు తీసేసుంటారు."

"తియ్యటానికి వాళ్లకి మన చేనే కనపడిందా?"

గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నట్టు, నేను అడక్కుండానే క్వారీ సంగతి ఆయనే బయట పెట్టాడు. పిడుగురాళ్ల ఆసామి ఒకాయన సున్నపురాయి కోసం ఆ చేను లీజుకి అడిగాడట, పైగట్టుతో సహా. "ఆ గూడెపోళ్లు పుస్తకం పట్టుకొని కోర్టుకెక్కితే ఎవుడు తిరగాల? కంపెనీ వాళ్లనాటి సంగతి ఇప్పుడెందుకే?" సమాధుల్ని యంత్రాలతో తవ్వే ముందు పుస్తకంలోంచి తవ్వి పారేశాడన్నమాట! అదీ బాబాయి పేరు మీదే, బాబాయి బొమ్మ అట్ట మీద వేసి మరీ. వదిన పెట్టిన కాఫీ ముట్టకుండా లేచి వచ్చాను.

అయితే సభ రోజున అన్నయ్య ఒక తప్పు చేశాడు. వేదిక నిండుగా కనపడాలని గూడెం నుంచి వ్యానులో జనాన్ని రప్పించాడు. అత్తకి శాలువా కప్పి ఫొటో తీయించుకోవాలని ఆయన సరదా. చదువురాని వాళ్లకి పుస్తకంలో ఏం పోయిందో ఏం తెలుస్తుందిలే అనుకున్నాడు. ఆ పుస్తకాన్ని వాళ్లు వాక్యం వాక్యం చెవులారా విని ఒప్పుకున్నవాళ్లని ఆయనకి తట్టలేదు. అత్త బాగా ముసలిదైపోయింది. మనవరాలి భుజం పట్టుకుని వేదిక ఎక్కింది. అన్నయ్య శాలువా విప్పి దగ్గరికి రాగానే, వెనకటిలాగే చెయ్యెత్తి ఆపింది.

"ముందు చదవండయ్యా. మా పంతులయ్య మాకు చదవకుండా ఏదీ అచ్చెయ్యలా. కొండకింద చేను చదవండి."

"టైం లేదమ్మా, భోజనాలు చల్లారిపోతన్నయ్" అన్నాడు అన్నయ్య, నవ్వు చెదరకుండా.

"మాకు ఆకలి లేదు."

నా సంచిలో పాత పుస్తకం ఉంది. రెండు ముక్కలు మాట్లాడమన్నారుగా, ఆ ముక్కలు ఇవేనని తీసుకెళ్లాను. మైకు దగ్గరికి వెళ్లి అధ్యాయమంతా చదివాను. ముత్తాత పేరు వచ్చిన చోట అన్నయ్య లేచి వెళ్లిపోయాడు. పైగట్టు దగ్గరికి వచ్చేసరికి అత్త కళ్లు మూసుకుని నాతోపాటే పెదవులు కదిపింది. అక్కడ పడుకున్నది ఆమె తాతలే. చదవడం అయ్యాక ఎవరూ చప్పట్లు కొట్టలేదు. శాలువా కుర్చీ మీదే ఉండిపోయింది, గూడెం వాళ్లు అన్నం ముట్టకుండా వ్యానెక్కారు.

తగాదా ఉన్న నేల నాకొద్దని క్వారీ ఆసామి వెనక్కి తగ్గాడు, ప్రస్తుతానికి. పాత పుస్తకం ఇప్పుడు గూడెం వాళ్ల లాయరు దగ్గర ఉంది. అన్నయ్య నాతో మాట్లాడడు. ఏదన్నా చెప్పాలంటే వదిన ఫోను చేస్తుంది, మా అమ్మ మోసిన బరువే ఇప్పుడు ఆవిడ మోస్తోంది పాపం. వెనకనుంచి ఆయన గొంతు నాకు వినపడుతూనే ఉంటుంది. "కంపెనీ కాలం ఎప్పుడో పోయిందని చెప్పు దానికి!" పోయిందేమో. ఆ చేని కందిపప్పు మాత్రం నిన్న మధ్యాహ్నం కూడా మా పొయ్యి మీద ఉడికింది.