మా అత్త కనిపెట్టిన మాల

మా ఆయన కదిరికీ ముదిగుబ్బకూ మధ్య ఆటో తోలుతాడు. పొద్దున్నే ఒక క్వార్టరు పడితే తప్ప ఆయన చేతులు వణకడం ఆగేది కాదు, సాయంత్రం ఎంత పడినా చాలేది కాదు. ఒకరోజు కళ్ళు పచ్చబడ్డాయి, కాళ్ళు వాచాయి, చొక్కా గుండీలు కడుపు దగ్గర పెట్టుకోవడానికి రాలేదు.

కదిరిలో డాక్టరు స్కాన్ చూసి చెప్పాడు. "లివరు వాచిందప్పా, మచ్చలు కూడా మొదలైనాయి. ఇప్పుడు మానితే వాపు తగ్గతాది. మానకపోతే లివరు రాయి మాదిరి గట్టిపడతాది. అప్పుడు నువ్వొచ్చినా నా చేతిలో ఏమీ ఉండదు."

నేను చదివింది మూడో తరగతి. ఆ మాట అర్థం కావడానికి అంత చదువు చాలు.

ఒక్కసారిగా మానేస్తే ఫిట్సు రావచ్చని ఐదు రోజులు ఆసుపత్రిలోనే పెట్టుకుని మందులిచ్చారు. ఇంటికి రాగానే మా అత్త అయ్యప్ప మాల వేయించింది. మా ఊళ్ళో ఎంత తాగుబోతైనా మాలలో ఉన్నప్పుడు సీసా ముట్టడు. ఇంక నలభై ఒక్క రోజులు ఆయన నాకు స్వామి, నేను ఆయనకు మాత. పోట్లాట కూడా అట్లాగే.

"మాతా, చారులో ఉప్పు యాడుండాది?"

"డబ్బాలో ఉండాది స్వామీ, లేసి ఏసుకో."

రక్తపరీక్ష బాగా వచ్చింది. శబరిమల పోయొచ్చి మాల తీసిన సాయంత్రమే తాగి వచ్చాడు. నేను ఏడుస్తుంటే నన్నే సముదాయించాడు. "ఏమీ గాదులేమే. సర్వీసింగు అయినాది గదా, ఇంగ కొన్నాళ్ళు బాగా ఉరుకుతాది."

నాలుగు రోజులు ఉరికింది. ఐదో రోజు వాంతులు. డాక్టరు తిట్టిన తిట్లకు బయట కూర్చున్న రోగులు కూడా తల దించుకున్నారు.

మా అత్త గోడమీది క్యాలెండరు దించి నాతో చదివించింది. శివరాత్రి దాకా శివమాల వేయించాం. అది తీసిన రోజే హనుమాన్ మాల. దేవుళ్ళెవరూ అడ్డం చెప్పలేదు. నీళ్ళే అడ్డం చెప్పాయి. మా వీధికి ట్యాంకరు మూడు రోజులకు ఒకసారి వస్తుంది, స్వామికేమో రోజుకు రెండు స్నానాలు. పక్కింటి సాయిబుల అక్క తన వంతులో రెండు బిందెలు తెచ్చి పోసేది. "తీసుకో చెల్లీ. ఆయప్ప ఏ దేవుని పేరుతో పోసుకుంటే నాకేంది? తాగితే మా గోడకే గదా ఆటో తెచ్చి గుద్దేది!"

హనుమజ్జయంతి అయిపోయింది. మళ్ళీ కార్తీకం దాకా మా ఊళ్ళో వేసే మాల లేదు. అక్షరం రాని మా ఆయన ఆ సంగతి మా అందరికన్నా ముందే కనిపెట్టి ఈల వేసుకుంటూ తిరిగాడు.

మరునాడు తెల్లారగానే అత్త ఆయనను పీటమీద కూర్చోబెట్టి, సంతలో కొన్న పూసలదండ మెడలో వేసింది. నలుపు, కాషాయం ఇదివరకే దేవుళ్ళు తీసేసుకున్నారు కాబట్టి తన చిలకపచ్చ చీర చింపి లుంగీ కుట్టించింది.

"ఏ దేవునిదిమా ఇది?"

"ఇంటిదేవునిది."

"ఇంటిదేవునికి మాల యాడుండాది?"

"ఈ పొద్దు నుంచి ఉండాది."

నియమాలు రోజుకొకటి పుట్టేవి. మంగళవారం వంకాయ తినకూడదు. హారను మూడుసార్లకు మించి కొట్టకూడదు. పెండ్లాం మాటకు ఎదురు చెప్పకూడదు. ఈ చివరిది నేను అడిగి పెట్టించుకున్నాను.

ఆటో ఎక్కినవాళ్ళు అడిగేవారు, "ఏ దేవుని మాల స్వామీ?" అని.

"మాయమ్మది" అనేవాడు ఆయన.

ఒక మధ్యాహ్నం ఆయన ఆటో వైన్ షాపు ముందు ఉందని పక్కింటి అక్క పరుగున వచ్చి చెప్పింది. నేను పోయేసరికి ఆయన సీటులోనే ఉన్నాడు. మాల చెవుల దాకా ఎత్తి, పైకి తీయక, కిందికి దించక, రెండు చేతులతో పట్టుకుని కూర్చున్నాడు. క్యూలో ఉన్నవాళ్ళు తాగే పని మరిచి న్యాయం చెబుతున్నారు.

"మాలతో ఈడికి రాకూడదు స్వామీ."

"ఇది మాల కాదన్నా, మాయమ్మ ఆట."

"అట్లయితే తీసేసి రా."

"తీసేదానికి గురుస్వామి ఉండాల గదా?"

"ఎవరప్పా నీ గురుస్వామి?"

"మాయమ్మే."

క్యూ అంతా ఆలోచనలో పడింది. ఆయన నన్ను చూసి చేతులు దించాడు. "ఎక్కు మాతా, పోదాం."

ఇంటికి వచ్చి తల్లి ముందు తల వంచాడు. "తీయిమా. ఇది దొంగమాలని నాకు తెలుసు."

అత్త విత్తనానికి శనక్కాయలు ఒలుస్తోంది. తల ఎత్తలేదు. "దొంగదైతే నువ్వే తీసుకోరా."

ఆయన చేయి మెడదాకా పోయింది. అక్కడే చాలాసేపు ఉంది. "నువ్వేసినావు, నువ్వే తీయాల."

"నేను తీయను."

ఆయన పక్కన కూర్చుని కాయలు ఒలిచాడు.

మొన్న మళ్ళీ స్కాన్ తీయించాం. వాపు తగ్గింది, మచ్చలు మాత్రం పోలేదన్నాడు డాక్టరు. ఇంక బతికినన్నాళ్ళూ ఒక్క చుక్క కూడా పనికిరాదన్నాడు. ఆయన బయటికొచ్చి ఆటోలో కూర్చున్నాడు. ఎంతసేపటికీ స్టార్ట్ చేయడే! చివరికి "మాతా, ఆకలైతాండాది" అన్నాడు. ఎన్ని ఏండ్లయిందో ఆ మాట ఆయన నోట విని. తాగేకాలంలో రెండు ముద్దలు కూడా దిగేవి కావు.

బస్టాండు దగ్గర రెండు ప్లేట్లు ఉగ్గాని, నాలుగు బజ్జీలు తిన్నాడు. ఇంకో ప్లేటు చెప్పబోయి ఆగి, నా వైపు చూశాడు.

"మాతా, దీనికేమన్నా నియమం ఉండాదా?"

"లేదు స్వామీ," అన్నాను, "తిను."