కుంటోడి వంశం

మా చిన్నప్పుడు జమ్మికుంటల మా వాకిలికి ఇద్దరు రాజులుండిరి... ఇద్దరూ కోడిపుంజులే.

ఒకడు దొర. ఎర్రటి ఒళ్లు, నల్లటి తోక, నెత్తి మీద మోదుగుపువ్వు లెక్క తురాయి. నడుస్తుంటె వాకిలి పట్టా వాని పేరు మీదనే ఉన్నట్టుండేది.

ఇంకోడు కుంటోడు. పిల్లగున్నప్పుడు బాపు సైకిల్ స్టాండు కింద కాలు పడ్డది. అప్పటిసంది వంకర నడక. కూత కూడ సగంల ఆగిపోయేది... తర్వాతి మాట మర్చిపోయినట్టు.

నేను దొర పార్టీ. కుంటోన్ని చూస్తే నాకు నామోషీ.

ఆ కోళ్లు ఉత్త కోళ్లు కావు. పెండ్లయి అత్తగారింటికి వస్తుంటె మా అవ్వకు, అంటే అమ్మకు, అమ్మమ్మ ఒడిబియ్యంతోని పాటు గంపల ఒక పెట్టను పెట్టి పంపిందట, వాళ్ల ఊరు భైంసా దిక్కుకెల్లి. మా వాకిట్ల తిరిగేటియన్ని దాని పిల్లల పిల్లలే. అమ్మమ్మ నేను పుట్టకముందే పోయింది. మామ ఇంట్ల ఆ జాతి ఎప్పుడో ఖతమైంది. అందుకే పొద్దుగాల నూకలు చల్లుకుంట అవ్వ వాటితోని మాట్లాడేది... పుట్టింటోళ్లతోని మాట్లాడినట్టు.

ఇగ మా ఇంటి రివాజు ఏందంటే, ఏటేటా పోషమ్మకు పెట్టే పుంజు ఏ వంకా లేనిది కావాలె. అందంగ ఉన్నోడు, బలంగ ఉన్నోడు ముందుగాల పోయేటోడు. దొర కంటె ముందు ఎందరు దొరలు పోయిండ్రో! కుంటోని జోలికి మాత్రం ఎవ్వరు పోలే. "వంకరకాలుది తల్లికి పెడ్తరా? కండ్లు పోతయ్," అనేది అవ్వ.

దొర గోడెక్కి ఛాతీ చూపెట్టుకుంట వాడకట్టు పుంజులతోని లొల్లి పెట్టుకునేటోడు. ఆ టైంల కుంటోడు కట్టెల కుప్ప వెనుక పెట్టలతోని సంసారం చేసుకునేటోడు. చప్పుడు లేదు, ప్రచారం లేదు. ఏ ఏడు పొదిగిన పిల్లలైనా సగానికి మీద వాని రంగే. నడక మాత్రం చక్కటి నడక... సైకిల్ స్టాండు దెబ్బ పిల్లలకు రాదు కద.

ఒక ఎండకాలం కొక్కెర రోగం వచ్చింది. వాడకట్టంత కోళ్లు మెడలు తిప్పుకుంట రాలిపోయినయ్. మా ఇంట్ల ముందుగాల పోయింది దొరే. వాన్ని బాపు గడ్డపారతోని గుంత తీసి పెడ్తుంటె నేను అన్నం ముట్టలే. రోగం పోయేసరికి మా వాకిట్ల మిగిలింది ఇద్దరు... కుంటోడు, ఒక నల్లపెట్ట. అంటే మా అమ్మమ్మ ఇచ్చిన జాతి మొత్తం ఆ ఇద్దరి మీద నిలబడ్డది.

గప్పుడు దిగిండు మా మామ. అవ్వకు ఒక్కగానొక్క తమ్ముడు. ఏడాదికోపారి వచ్చేటోడు.

"అక్కా, నాకేం వద్దు. పప్పుంటె చాలు," అన్నడు, కాళ్లు కడుక్కుంట.

"తోడబుట్టినోనికి పప్పు పోసి పంపుతనారా? మీ ఊర్ల ఏమనుకుంటరు నన్ను?"

బాపు అంగి తొడుక్కున్నడు. "చికెన్ సెంటరుకు పోయి తెస్త తియ్."

మామ నవ్విండు. "ఏం బావా, వాకిట్ల పుంజు తిరుగుతుంటె సంచిల తెల్లకోడిని తెస్తవా? మనవ్వ ఇచ్చిన జాతి రుచి చూసి ఎన్నేండ్లాయె!"

కుంటోడు మామ కాళ్లకాడ్నే నూకలు ఏరుకుంటుండు.

బాపు అవ్వ చెవుల మెల్లగ అన్నడు, "ఒక్కటే పుంజు మిగిలింది..."

"నాకు తెల్వదా?" అన్నది అవ్వ. అని, కత్తిపీట అందుకున్నది.

ఆ రోజు అవ్వ ముక్క ముట్టలే. కడుపుల బాగ లేదన్నది. మామ రెండు సార్లు పెట్టిచ్చుకున్నడు. "అచ్చం మనవ్వ వండినట్టే ఉన్నదక్కా," అన్నడు. పాపం, అదే ఆఖరి పుంజని మామకేం తెలుసు.

మామ ఊరికి పోయిన చాన రోజులకు నల్లపెట్ట మళ్ల గుడ్లు పెట్టింది. వాడకట్టంత ఎతికినా పుంజు లేదు. అంగట్ల కొందామనుకునేలోపే అది పొదుగుకు కూసున్నది. మేత లేదు, నీళ్లు లేవు, లేపితే పొడుస్తది. పిల్లలు రావాల్సిన రోజులు దాటిపోయినయ్. అవ్వ ఒక్కో గుడ్డు తీసి బల్బు ముంగట పట్టి చూసింది. లోపల పిల్ల ఉంటె ఎర్రటి నరం కనవడాలె. ఒక్కదాంట్ల కూడ కనవడలే. అయినా తిరిగి దాని కిందనే పెట్టింది.

"ఇగ లే బిడ్డా, ఇగ లే..." అనేది. అది లేవలే. ఒకనాడు పొద్దుగాల చూస్తే, గంపల కూసున్నది కూసున్నట్టే పోయింది.

డిగ్రీల జువాలజీ సారు 'ఫిట్‌నెస్' పాఠం చెప్పిండు. జీవశాస్త్రంల ఫిట్‌నెస్ అంటే కండలు కావట. ఉన్న చోటికి తగ్గట్టు బతికి, పిల్లల్ని కని, ఆ పిల్లలు మళ్ల పిల్లల్ని కనేదాక నిలబడుడట. పరిసరాలు మారితే నిన్నటి యోగ్యుడు ఇయ్యాల యోగ్యుడు కాదట. క్లాసంత రాసుకుంటున్నరు. నాకు మాత్రం కట్టెల కుప్ప కనవడ్డది. అందగాండ్లను తీస్కపోయే పోషమ్మ ముంగట కుంటికాలే వానికి రక్ష. రోగం ముంగట కూడ వాడే గెల్చిండు. ఆఖరికి పరిసరాలు మారినయ్... భైంసా బస్సు దిగి, చేతిసంచి పట్టుకొని వచ్చినయ్.

ఇంటికి పోయి అవ్వకు చెప్పిన, కుంటోడు ఎంత గొప్పోడో. అంత విని అడిగింది: "తోడబుట్టినోడు ఇంటికొస్తే ఏం వండాల్నో... గది రాసిండ్రా మీ పుస్తకంల?"

రాయలే అవ్వా.

మామ ఇప్పుడు కూడ వస్తడు. బాపు సంచిల తెల్లకోడి తెస్తడు. మామ తింటడు, రుచి మాట ఎత్తడు. నల్లపెట్ట గంపల ఇప్పుడు ఉల్లిగడ్డలుంటయ్. భైంసా దిక్కుకెల్లి ఆనాడు వచ్చినోళ్లల్ల మా ఇంట్ల ఇప్పుడు మిగిలింది అవ్వ ఒక్కతే...

మీ ఇండ్లల్ల గట్ల ఎవరి పుట్టింటికెల్లన్న వచ్చిన కోళ్ల జాతి ఇంకా తిరుగుతున్నదా? ఉంటె జర కింద రాయుండ్రి. అవ్వకు సదివి వినిపిస్త.