కరీముల్లా గేటు

గురజాల సబ్‌జైలు వార్డరు కరీముల్లా గేటుకు తాళం వేశాక రెండుసార్లు లాగి చూస్తాడు. ఇరవై ఎనిమిదేళ్ల సర్వీసులో అది ఒక్కసారీ ఊడి రాలేదు, అయినా లాగుతాడు. అన్నం తింటున్నా ఎడమచేత్తో నడుముకున్న తాళంచెవిని తడుముకుంటూనే ఉంటాడు. ఖైదీని ఎవరు తెచ్చినా ముందు కాగితం అడుగుతాడు. కళ్లజోడు తుడుచుకుని, పెదాలు కదుపుతూ, కింది ముద్ర దాకా చదువుతాడు.

ఎనభై నాలుగు మార్చిలో ఒక మిట్టమధ్యాహ్నం పొరుగు రాష్ట్రం ఎస్సై జీపు దిగాడు. అక్కడ దొంగతనం చేసి పారిపోయొచ్చి, మాచర్ల దగ్గర నాపరాళ్ల క్వారీలో పనిచేస్తున్న హనుమంతును పట్టుకొచ్చాడు. రేపటిదాకా జైల్లో ఉంచమన్నాడు.

కరీముల్లా వారంటు చదివి, "ఇది మీ కోర్టుది సార్. మా మెజిస్ట్రేటు గారి సంతకం ఏదీ?" అన్నాడు.

"ఒక్క రోజుకేనయ్యా! వీడు దొంగ."

"కోర్టు రోడ్డుకవతలే సార్. ఇరవై అడుగులు."

ఎస్సై అరిచాడు. బదిలీ చేయిస్తానన్నాడు. రెండేళ్లలో రిటైరు కావలసిన కరీముల్లా వారంటు మడిచి ఆయన చేతికిచ్చాడు. హనుమంతుకు మంచినీళ్లిచ్చాడు, స్టూలు నీడలోకి జరిపి కూర్చోబెట్టాడు, గేటు మాత్రం తియ్యలేదు. చివరికి ఎస్సై హనుమంతును తీసుకుని రోడ్డు దాటాడు.

గంట తర్వాత మెజిస్ట్రేటు ఉత్తర్వుతో తిరిగొచ్చారు. దాన్నీ అంతే నెమ్మదిగా చదివి, కరీముల్లా గేటు తీశాడు.

లోపలికి వెళ్తూ హనుమంతు, "నేను నిజంగానే దొంగతనం చేశాను సాయిబుగారూ. నాకోసం ఎందుకు మాటలు పడ్డారు?" అన్నాడు.

"అయితే ఏందిరా? దొంగకి కాగితం అక్కర్లేదా?" అంటూ కరీముల్లా తాళం వేసి, రెండుసార్లు లాగి చూశాడు.