కాశమ్మ పొలం చేతికొచ్చిన రోజు

సిప్పీఘాట్‌లో కాశమ్మ పండించిన ఆనపకాయను తొలిచి, అందులో ఇద్దరు పిల్లలు కూర్చుని ఉప్పువాగు దాటారని ఆమె భర్త అప్పలకొండ చెబుతాడు. ఇద్దరు కాదు, ఒక్కడేనని, వాడు కూడా నడిమధ్యలో మునిగితే తానే జుట్టు పట్టి బయటికి లాగానని కాశమ్మ సరిదిద్దుతుంది. ఆనపకాయ సైజు విషయంలో మాత్రం ఇద్దరికీ పేచీ లేదు.

కాశమ్మ తండ్రి శ్రీకాకుళం నుంచి ఓడెక్కి అండమాన్ వచ్చి, సిప్పీఘాట్‌లో అడవి కొట్టి మూడు మడుల పొలం చేశాడు. ఆమె అక్కడే పుట్టింది, అక్కడే అప్పలకొండను చేసుకుంది. అతను దీవుల మధ్య తిరిగే బోటులో కళాసీ. నెలలో ఇరవై రోజులు నీళ్ల మీదే ఉండేవాడు కనుక పొలం పని అతనికి అబ్బలేదు. అబ్బకపోవడమే మంచిదని కాశమ్మ అభిప్రాయం. ఒకసారి కలుపు తీయమంటే వంగ నారంతా పీకి, కలుపుకి నీళ్లు పెట్టిన ఘనుడు. అతనికి వచ్చిన ఒకే ఒక్క పని గౌరికి మేత వేయడం. గౌరి వాళ్ల గేదె. బోటు దిగి ఇంటికొస్తే పెళ్లాన్ని పలకరించడానికి ముందు దాన్ని పలకరించేవాడు.

సునామీ వచ్చిన ఆ ఆదివారం ఉదయం భూమి ఎంతసేపు ఊగిందంటే, గౌరి మోకాళ్ల మీద కూలబడింది. జనం మెరక వైపు పరుగెత్తారు. కాశమ్మ సగం దూరం పోయి చూస్తే పక్కన మొగుడు లేడు. గేదె పలుపు విప్పడానికి వెనక్కి వెళ్లాడు. అతను తిరిగొచ్చేసరికి నీళ్లు గుండెల దాకా వచ్చాయి. పోకచెట్టును కావలించుకుని ఉంటే కాశమ్మ చీర కొంగు విసిరి ఈడ్చింది. పలుపు తెగిన గౌరి ఎటు పోయిందో ఎవరూ చూడలేదు. అది ఈదుకుంటూ ఎక్కడో దూరపు దీవిలోని హట్‌బే చేరిందనీ, అక్కడ ఎవరో పాలు పితుక్కుంటున్నారనీ అప్పలకొండ అందరికీ చెబుతాడు. ఆ ఒక్క కథను మాత్రం కాశమ్మ ఎన్నడూ సరిదిద్దలేదు.

నీళ్లు వెనక్కి తీశాయి కానీ నేల దిగబడిపోయింది. పోటు వచ్చినప్పుడల్లా సముద్రం మడుల్లోకి వచ్చి, కాసేపు కూర్చుని వెళ్లేది. పోకచెట్లు నిలుచున్న చోటే మోడులయ్యాయి. మరుసటి ఏడు వాళ్లు పోర్ట్ బ్లెయిర్ వచ్చి, డైరీ ఫార్మ్ అనే పేటలో మెట్ట మీద రెండు గదుల ఇంట్లో కాపురం పెట్టారు. కాశమ్మ ఆ ఇంటికి మూడు చట్టాలు చేసింది. కాగితాలు, టార్చి, బిస్కెట్లు వేసిన సంచి ఎప్పుడూ గుమ్మం పక్క మేకుకు వేలాడాలి. నేల కదిలితే ఎవరూ దేనికోసమూ వెనక్కి తిరగకూడదు. ఇక ఈ ఇంట్లో గొడ్డును కట్టకూడదు.

పొద్దున్నే కాశమ్మ షాదీపూర్ వెళ్లి చెల్లెలు బుల్లమ్మ టిఫిన్ బండి దగ్గర పదింటి దాకా చట్నీలు రుబ్బేది. మధ్యాహ్నమయ్యేసరికి చేతులకు ఏమీ తోచేది కాదు. పెరటి గచ్చు మీద మట్టి లేదు. ఒట్టి చేతులతో కూర్చుని గోళ్లు చూసుకునేది.

అలాంటి రోజుల్లో మనవరాలు హిమబిందు చదువుకోసం వాళ్లింటికి వచ్చింది, వస్తూ ఒక నల్లటి గేమ్ పెట్టెను తెచ్చింది. మాయాబందర్‌లో ఉండే ఆమె తండ్రి ప్రదీప్ చెన్నై వెళ్లినప్పుడు ఆ పెట్టెను ఓడలో మోసుకెళ్లి, అక్కడి ఇంటర్నెట్‌లో ఆటలన్నీ నింపించి తిరిగి మోసుకొచ్చాడు. దీవుల్లో ఇంటర్నెట్ అంటే ఒక పాట దిగడానికి ఒక పూట పట్టే కాలం. ఆ ఆటల్లో వ్యవసాయం ఆట ఒకటుంది. రాళ్లు ఏరాలి, దున్నాలి, విత్తనాలు చల్లాలి, నీళ్లు పోయాలి. దాంట్లో వంకాయ ఉందని తెలిశాకే కాశమ్మ రిమోట్ చేతిలోకి తీసుకుంది.

నాలుగేళ్లు ఆడింది. ఆటలో నలభై ఏళ్లు గడిచాయి. రోజూ అన్నం తిన్నాక ఒక్క గంట టీవీ ముందు కాళ్లు చాపుకుని కూర్చుంటే, సిప్పీఘాట్‌లో ఎన్ని సాళ్లుండేవో అన్ని సాళ్లూ అక్కడ లేచాయి. ఇంగ్లీషు ముక్క రాదు కానీ బొమ్మలు చూసి నడిపేది. బోటు పని మానేసి ఇంటిపట్టునే ఉంటున్న అప్పలకొండ తలుపు దగ్గర నిలబడి వేళాకోళం చేసేవాడు.

"ఏటే, పొద్దున్న రుబ్బిన చట్నీ సాలక మళ్లీ పనేటి? ఒక్క వంకాయైనా కూరకొస్తాదా?"

"నీకేటి తెలుస్తాది? నువ్వు కలుపుకి నీళ్లు పెట్టినోడివి."

2012 ఎండాకాలానికి పెట్టె జబ్బుపడింది. పావుగంట నడిచేసరికి నిప్పులా కాగి, ఎర్ర దీపం మినుకుమని ఆరిపోయేది. డైరీ ఫార్మ్ మలుపులో మొబైల్ షాపు నడిపే ఉమేష్ వచ్చి మూత విప్పాడు. వీధిలో అందరి ఫోన్లూ టీవీలూ అతని చేతిలోనివే.

"రోజుకి ఎన్ని గంటలు నడుపుతున్నారు మామ్మా?"

"మధ్యాన్నం ఒక్క గంట నాయనా. అంతకుమించి నేదు."

"ఒక్క గంటకే ఇలా అయిందా? ఇది డబుల్ డ్యూటీ కొట్టినట్టుంది."

అప్పలకొండకు ఉన్నట్టుండి దగ్గు వచ్చింది. మంచినీళ్లకని లోపలికి వెళ్లి చాలాసేపటికి గానీ బయటికి రాలేదు.

ఉమేష్ మూత బిగించి తల అడ్డంగా ఊపాడు. "బస్, అయిపోయింది మామ్మా. ఇంకో రెండుమూడు వారాలు ఆన్ అవుతుందేమో."

కాశమ్మ లేచి గోడకున్న సంచిని దించి, దులిపి, మళ్లీ అదే మేకుకు తగిలించింది. అది చూసి హిమబిందు ఆగలేకపోయింది.

"ఉమేష్ భయ్యా, మామ్మ పొలం పోకూడదు. ఏదో ఒకటి చెయ్యి."

ఉమేష్ ఒక దారి చెప్పాడు. ఈ పెట్టె చేసిన కంపెనీయే చేతిలో పట్టుకుని ఆడే చిన్న గేమ్ ఒకటి చేస్తుంది. పెట్టెకూ దానికీ కేబుల్ వేస్తే, పెట్టెలో ఉన్న ఆటను అందులోకి పంపొచ్చు. ఇంటర్నెట్ అక్కర్లేదు. పదిహేను రోజులకు అప్పలకొండ పాత స్నేహితుడు, చెన్నై ఓడలో వంటవాడు, ఆ బుల్లి గేమ్‌ను పప్పు డబ్బాలో పాతిపెట్టి తెచ్చాడు. దారిలో కస్టమ్స్ వాళ్లు, దొంగలు, ఒక తిమింగలం దాని మీద కన్నేశాయని అప్పలకొండ వీధంతా చెప్పుకొచ్చాడు.

ఏప్రిల్ పదకొండు, బుధవారం. హిమబిందుకు మధ్యాహ్నం క్లాసులు లేవు. ఒంటిగంటన్నరకు ఉమేష్ కేబుల్‌తో వచ్చాడు. టేబుల్ ఫ్యాన్‌ను పెట్టెకు ఎదురుగా పెట్టారు. అది చాలదని కాశమ్మ తాటాకు విసనకర్ర తీసుకుని, జ్వరం తగిలిన పిల్లకు విసిరినట్టు పక్కన కూర్చుని విసరసాగింది. తడిగుడ్డ కూడా తెచ్చింది కానీ ఉమేష్ దండం పెట్టి వద్దన్నాడు.

పెట్టె వెలిగింది. తెర మీద ఒక గీత చీమలా పాకుతూ పన్నెండు నిమిషాలకు చివరికి చేరింది.

"హో గయా!" అన్నాడు ఉమేష్. కేబుల్ పీకి, బుల్లి గేమ్‌లో ఆట తెరిచి కాశమ్మ చేతిలో పెట్టాడు.

కాశమ్మ చూసింది. బోడి నేల. రాళ్లు, మోడులు, గడ్డి. ఒక్క సాలు లేదు.

విసనకర్ర చేతిలోంచి జారింది. "నీళ్లొచ్చీసినాయా?" అంది, చాలా నెమ్మదిగా.

ఉమేష్ నెత్తి కొట్టుకున్నాడు. "అరే, గల్తీ నాది మామ్మా! ఏడవొద్దు. ఆట వేరు, మీరు ఆడి దాచుకున్నది వేరు. ఇప్పుడు నేల ఒక్కటే వచ్చింది. పంట ఇంకా పెట్టెలోనే ఉంది. దాన్ని అలగ్‌గా, విడిగా పంపాలి."

"అయితే పంపు. జల్దీ పంపు. పెట్టి సచ్చిపోతాది."

పెట్టెను మళ్లీ వెలిగించారు. ఉమేష్ వెతికి, వెతికి ఒకచోట ఆగాడు. "ఇక్కడ రెండున్నాయి మామ్మా. రెండూ ఈ ఆటవే. మీది ఏది?"

"రెండేటి? నాది ఒక్కటే."

"పైన ఉన్నది నిన్న పొద్దున్న ఆడింది. అదే కొత్తది. అదే మీదై ఉంటుంది."

పొద్దున్న తాను ఎక్కడ ఆడిందని కాశమ్మ అడగబోయేలోగా అప్పలకొండ గొంతు సవరించుకున్నాడు. "రెండూ తియ్యరా ఉమేషూ. ఒకటి తీసి ఒకటి ఒగ్గీడం ఏటి? రెండూ తియ్."

"ఆగు తాతా, ఒకదాని తర్వాత ఒకటి." ఉమేష్ పైదాన్ని నొక్కాడు. అది క్షణాల్లో చేరిపోయింది. రెండోదాని మీదికి వేలు జరిపాడు.

అప్పుడు అల్మారాలో గిన్నెలు మోగాయి. టీవీ కదిలింది. ఫ్యాన్ తల వేలాడేసింది. కరెంటు పోయింది. నేల పడవలా ఒక పక్కకు ఒరిగి, తీరిగ్గా రెండో పక్కకు ఒరిగింది.

"లెగండి!" అని అరిచింది కాశమ్మ. హిమబిందు బుల్లి గేమ్‌ను సంచిలో పడేసి సంచి భుజాన వేసుకుంది. ఉమేష్ షాపు షట్టర్ వెయ్యాలంటూ కిందికి పరుగెత్తబోతే కాశమ్మ అతని కాలర్ పట్టుకుని పైకి తోసింది. నలుగురూ గుమ్మం దాటారు. పది అడుగులు వేశాక చూస్తే పక్కన మొగుడు లేడు.

వెనక్కి తిరిగి చూసింది. అప్పలకొండ గడప మీద ఉన్నాడు. గేమ్ పెట్టె కోసం మళ్లీ లోపలికి దూరబోతున్నాడు.

"ఒగ్గీ!"

"నీ పొలం అందులో ఉందే!"

"నా పొలం సంచిలో ఉంది. రా!"

"నేదే, అది..." అంటూనే ఉన్నాడు. కాశమ్మ ఏడేళ్ల కింద విసిరినట్టు ఈసారి కొంగు విసరలేదు. నేరుగా వెళ్లి చొక్కా పట్టుకుని ఈడ్చుకొచ్చింది.

మెట్ట పైన బడి మైదానంలో వీధి మొత్తం చేరింది. సునామీ హెచ్చరిక ఇచ్చారని ఎవరి రేడియోనో చెబుతోంది. ఫోన్లు పనిచేయడం లేదు. అందరూ సముద్రం వైపే చూస్తున్నారు. కాశమ్మ మాత్రం అటు వీపు పెట్టి కూర్చుంది. సముద్రాన్ని ఆమె ఒకసారి చూసింది, చాలు.

"గుంటా, ఆ బుల్లిపెట్టి తియ్. నా వంగతోట చూసుకుంటాను."

అప్పలకొండ లేచి నిలబడ్డాడు. "ఇప్పుడెందుకే? బ్యాటరీ అయిపోతాది. టార్చికి పనికొస్తాది."

"టార్చి ఏరే ఉంది తాతా," అంది హిమబిందు. ఆట తెరిచి మామ్మ చేతికిచ్చింది.

కాశమ్మ చూసింది. అదే బోడి నేల, అవే రాళ్లు. కలుపు మోకాళ్లెత్తు పెరిగింది. ఒక మూల వంకరగా పోయిన ఒకే ఒక్క సాలు, దాంట్లో వాడిపోయిన ఏదో మొక్క. అయితే కొట్టం దగ్గర మాత్రం నేల శుభ్రంగా ఉంది. కొట్టంలో ఒక్క ఆవు. బాగా మేసినట్టు నిగనిగలాడుతోంది. దాని పక్కన ఇంగ్లీషులో ఏదో రాసి ఉంది.

"ఏటి రాసుందే అక్కడ?"

హిమబిందు వంగి చూసింది. చూసి, తాత వైపు చూసింది. "ఆవు పేరు మామ్మా. గౌరి."

కాశమ్మ తల ఎత్తింది. అప్పలకొండ బూడిదరంగు గడ్డం గోక్కుంటూ, దూరంగా కనిపించే ఓడ ఏదో గుర్తుపట్టే పనిలో పడ్డాడు.

"ఎన్నాళ్లనించి?"

"రెండేళ్లు దాటింది. నువ్వు బుల్లమ్మ బండి కాడికి ఎల్లాక..."

"పెట్టి కాలిపోయిందీ నీవల్లేనా?"

"మేత ఎయ్యడానికి ఎంతసేపు పడతాదే? ఏసి, కాసేపు దగ్గర కూకుంటాను. అంతే. పొలం నాకు రాదని నువ్వే అన్నావు కదా."

"నా తోట?"

"అదే చెప్తన్నాను ఇందాకట్నించి. కిందది నీది. పెట్టిలో ఉండిపోయింది. పైది నాది, అదే ముందొచ్చీసింది. నీది ఒగ్గీసి."

ఉమేష్ మెల్లగా అన్నాడు, "మామ్మా, కరెంటొచ్చాక పెట్టె ఇంకోసారి ఆన్ అయితే..."

"అవ్వదురా," అంది కాశమ్మ. ఆమె చెప్పిందే నిజమైంది. ఆ సాయంత్రం ఇంటికొచ్చాక పెట్టె ఎర్రగా ఒక్కసారి మినుకుమని, మళ్లీ ఎన్నడూ వెలగలేదు. నలభై ఏళ్ల వంగతోట దాంతోనే పోయింది.

కానీ అది తర్వాతి మాట. అప్పుడు మెట్ట మీద కాశమ్మ చాలాసేపు ఆ నిగనిగలాడే ఆవును చూసింది.

"రోజూ ఏస్తన్నావా మేత? ఒక్కరోజూ తప్పకుండా?"

"నీకు జొరమొచ్చి నువ్వు బండికి ఎల్లని మూడ్రోజులు తప్పింది. దానికి అలకొచ్చింది."

కాశమ్మ కొంగుతో ముక్కు తుడుచుకుంది. తర్వాత బుల్లి గేమ్‌ను రెండు చేతులతో సరిగ్గా పట్టుకుంది. "ఇలాటి పొలం నా జన్మలో చూణ్ణేదు. ఎవడైనా రాళ్లు ఇలా ఒగ్గేస్తాడా? గొడ్డు కాళ్లకి తగలవూ?" అంటూ మొదటి రాయి ఎత్తి పారేసింది. రెండోది ఎత్తింది. అప్పలకొండ ఆమె పక్కన చతికిలబడి, మెడ చాచి చూడసాగాడు.

"అదిగో, అటు ఒకటుంది."

"కనిపిస్తంది. నువ్వు సెప్పకు."

పొద్దువాలుతుండగా హెచ్చరిక ఎత్తేశారు. జనం చాపలు దులుపుకుని దిగసాగారు. హిమబిందు సంచి భుజాన వేసుకుని పిలిచింది.

"చలో మామ్మా, వెళ్దాం."

"ఉండు. ఈ మడి అవ్వనీ." కాశమ్మ తల ఎత్తలేదు. "ఒసే, నా తోటలో గొడ్డుని కట్టనేదు. దీన్ని మేతకి తోలాలంటే ఈ కొట్టం తలుపు తియ్యడం ఎలాగ?"

"రాత్రి బయట ఉంటే ఆవుకి జబ్బు చేస్తుంది మామ్మా."

"రాత్రికి మీ తాత తోలుకొస్తాడు. నాకు తలుపు తీసి సూపించు."