రేవులో ఓడలు

ఆ దినపత్రికకు యజమానులు ముగ్గురు మారినా, రోజూ రేవుకు ఫోన్ చేసి ఏ బెర్తులో ఏ ఓడ ఉందో రాసే కనకరత్నం మారలేదు. జడముడిలో పెన్ను, భుజాన సంచి. కొత్త యజమాని దిగినప్పుడల్లా, ఎప్పుడు పొమ్మంటారోనని ఆవిడ ఆ సంచి దించకుండానే పనిచేస్తుంది. మొదటిరోజే తమ ఫోటో పడలేదని ముగ్గురూ అలిగినవాళ్లే. అందుకే ఆటోనగర్‌లో లారీలున్న సన్యాసిరాజు పత్రిక కొనగానే, ఓడల పట్టిక తీసేసి అక్కడ ఆయన ఫోటో వేసింది. తెల్లారగానే ఆయన పేపరు పట్టుకుని వచ్చాడు.

"ఏటమ్మా ఇది? నా మొకం సూసి లారీలెక్కడికి పంపుతాను? ఓడలేవీ?"

"రేపు వేస్తానండి."

"రేపేటి, రోజూ ఎయ్యి! ఇరవయ్యేళ్లుగా అది సూడ్డానికే గదా ఈ పేపరు కొంతన్నాను."

కనకరత్నం సంచి మేకుకు తగిలించి, రేవుకు ఫోన్ కలిపింది.