ఆదివారం తులశమ్మ

“ఇంతసేపు నిద్రపోకూడదు ప్రమీలా. లేపి చూద్దామా? ఊపిరి ఆడుతోందో లేదో నాకు సరిగ్గా కనబడటం లేదు.”

“మీకు కనబడనంత మాత్రాన ఆగిపోయినట్టు కాదు. ఇందాకే కదా చూశారు,” అంది నా భార్య చేటలో బియ్యం ఏరుతూ.

నేను వినలేదు. ఉయ్యాల మీదికి వంగి పాప ముక్కు దగ్గర వేలు పెట్టాను. పాప ఉలిక్కిపడి లేచి ఏడుపందుకుంది. గోడ అవతల ఎవరో నవ్వారు.

“నిద్రపోయే బిడ్డను లేపి, ఏడిస్తే బతికుండాదని సంతోషపడేటోన్ని నిన్నే సూస్తాండా ఐవోరూ!”

ఆ గొంతు నాగక్కది. 1957 వేసవిలో కర్నూలులో ఆ గొంతు తెలియనివాళ్లు లేరు. మాకూ ఆమెకూ మధ్య ఒక మట్టిగోడ, అందరికీ కలిపి ఒకే పెరడు, ఒకే బావి. నేను బి.ఎస్‌సి. చదివి హైస్కూల్లో సైన్సు చెప్పేవాణ్ణి. పాప పుట్టిన తర్వాత ఆ చదువంతా భయపడటానికే పనికొచ్చింది. నీళ్లలో ఏ క్రిములుంటాయో తెలుసు, జ్వరం ఎంత దాటితే ఏమవుతుందో తెలుసు. తెలిసిన ప్రతిదీ మా ఇంట్లోనే జరగబోతోందని అనిపించేది. థర్మామీటరు జేబులో పెట్టుకుని తిరిగేవాణ్ణి.

నాగక్క ఓర్వకల్లు దగ్గర ఒక పల్లెలో పుట్టింది. తండ్రి కంబన్న గుట్టల్లో బండలు కొట్టేవాడు. ఆమె పదిహేనేళ్ల వయసులో ఊళ్లోవాళ్లు జాతరకు నాటకం నేర్చుకుంటుంటే, వాళ్లకు కుండలతో నీళ్లు మోసేది. మోస్తూ మోస్తూ పద్యాలన్నీ నోటికి పట్టేసింది. ఆడవేషం సోమన్న అనే కుర్రవాడు కట్టాలి. అంతకుముందు ఏడాది వేషం కోసం మీసం తీస్తే అతని తండ్రి మంచాన పడ్డాడట. తండ్రి బతికుండగా మళ్లీ మీసం జోలికి పోనని సోమన్న మొండికేశాడు. పెద్దలు తలలు పట్టుకుని కూర్చుంటే నీళ్లకుండ దించి నాగక్క అంది:

“నాకేమన్నా మీసముండాదా తీసేకి? నేనాడతా.”

ఆడింది. తండ్రి ఆ నాటకం చూడలేదు, ఆ తర్వాత ఆమెతో మాట్లాడనూ లేదు. హార్మోనియం వాయించే ఓబన్నను పెళ్లి చేసుకుని ఆమె నాటకాల కంపెనీ వెంట బయలుదేరింది. బళ్లారి, ఆదోని, ప్రొద్దుటూరు, ఆరాధన రోజుల్లో మంత్రాలయం. ఎక్కడా ఒక పొయ్యి మీద రెండు నెలలు వండుకున్నది లేదు. ప్రొద్దుటూరులో కలరా వచ్చి ఓబన్న పోయాడు. అప్పటికి చంకలో కూతురు సుంకి. డేరాల్లో పసిబిడ్డను సాకలేక, పిల్లను పల్లెలో ఉన్న అక్కకు అప్పగించి కర్నూలు చేరింది. ఆ అక్కను ఊరంతా పెద్దక్క అనే పిలిచేది. పిల్లకు బడి ఈడు రాగానే తెచ్చుకుంటానని నాగక్క, తెచ్చుకుంటే అప్పుడు చూద్దామని పెద్దక్క, ఇద్దరూ అనుకున్నారు.

కర్నూలులో నాటకాల డేరా కేశవయ్యది. బట్టల వ్యాపారి. రాజధాని ఇక్కడున్నన్నాళ్లూ గుమాస్తాలతో డేరా కిటకిటలాడింది. రాజధాని హైదరాబాదుకు పోయింది, గుమాస్తాలూ పోయారు, బెంచీలు ఖాళీ అయ్యాయి. వ్యాపారి బుర్ర ఊరికే ఉండదు గదా. ఒకే కథను వారం వారం ముక్కలు చేసి ఆడిద్దామన్నాడు. ప్రతి ఆదివారం మధ్యాహ్నం ఆట. ఏదో జరగబోతోందనగా తెర పడిపోతుంది. మిగిలిన వారమంతా ఊరు కొట్టుకు చస్తుంది. దానికి కంపెనీ పెట్టిన పేరు ఎవరికీ గుర్తులేదు. అందరూ ‘ఆదివారం కథ’ అనేవారు.

అందులో నాగక్క తులశమ్మ. ఉమ్మడి ఇంటికి పెద్దకోడలు. పిల్లలు లేరు. ఆస్తి అంతా మరిది కూతురికి పోతుందని ఆ పసిదానికి పాలల్లో గన్నేరుపప్పు నూరి కలుపుతుంది. ఒక వారం ఆ పాలు పిల్లి తాగుతుంది. ఒక వారం గ్లాసు చెయ్యిజారుతుంది. వేరే కంపెనీల్లో ఇలాంటి వేషానికి కళ్లు ఉరిమేవారు, పళ్లు కొరికేవారు. నాగక్క అవేవీ చేయలేదు. పిల్లను ఒళ్లో కూర్చోబెట్టుకుని, గ్లాసు పెదవుల దగ్గరికి తెచ్చుకుని పాలను ఊది ఊది చల్లార్చేది. అంతే. ఏ తల్లి అయినా చేసే పని. ఆ ఊదడం చూసి డేరాలో ఆడవాళ్లు కొంగులు నోట్లో కుక్కుకునేవారు.

దాంతో ఊళ్లో నాగక్క పోయింది, తులశమ్మ మిగిలింది. మాకు పాలు పోసే భీమక్క ఆమె గిన్నె ముట్టేది కాదు.

“పాలేంటికి నీకు? గన్నేరుపప్పు కలిపేకా?” అంది ఒకరోజు అందరి ముందూ.

“కాదు భీమక్కా, నువ్వు కలిపే నీళ్లకే బిడ్డలు సస్తారు, నా పప్పు దండగ,” అంది నాగక్క.

ప్రమీల పగలబడి నవ్వింది. నేనూ నవ్వాను గానీ, నాగక్క పాపను ఎత్తుకున్నప్పుడల్లా చేతులు చాచి పక్కనే తిరిగేవాణ్ణి. తులశమ్మ అని కాదు. ఎవరు ఎత్తుకున్నా నాకు అంతే. జారుతుందేమో, దగ్గు అంటుతుందేమో.

జూన్‌లో నాగక్క సుంకిని బడిలో వేయడానికి తెచ్చింది. ఆరేళ్ల పిల్ల, బక్కగా, కళ్లు మాత్రం పెద్దవి. వచ్చిన మొదటి రోజే గోల తెలిసింది. ఉగాదికి పెద్దక్క ఆ పిల్లను తీసుకొచ్చి డేరాలో ముందు వరుసలో కూర్చోబెట్టిందట. అమ్మ ఆడేది చూడనీ అని. సుంకి చూసింది. అప్పటినుంచీ తల్లి చేతిది ఏదీ ముట్టదు. పాలు వద్దు, సంగటి వద్దు, చివరికి మంచినీళ్లు కూడా బావి దగ్గరికి వెళ్లి తనే చేదుకోవాలని చూసేది. నాగక్క అలవాటు కొద్దీ సంగటి ముద్ద ఊదిందంటే చాలు, పిల్ల గోడకు అంటుకుపోయేది. మా ఇంట్లో ప్రమీల పెడితే తినేది. అదీ అరకొరే.

నేను ఊరుకోలేక సుంకిని కూర్చోబెట్టి వివరించాను. నాటకంలో గ్లాసులో ఉండేది గంజి, గన్నేరుపప్పు కాదు అన్నాను. నాగక్క కాచిన పాలు ఆమె ఎదుటే సగం తాగాను.

“చూడు, నాకేమన్నా అయిందా?”

సుంకి నన్ను జాలిగా చూసింది. “నీకు పనిచెయ్యదులే. నువ్వు పెద్దోనివి. తులశమ్మ పిల్లోల్లకే గదా ఇచ్చేది.”

నాగక్క గడప మీద కూర్చుని అంతా విన్నది. నవ్వబోయింది, కుదరలేదు.

పెద్దక్కకు కబురు ఎలా చేరిందో చేరింది. బస్సు దిగి సరాసరి వచ్చింది, పిల్ల చెయ్యి పట్టుకుని చూసింది.

“నాగీ, ఇది ఎండకపోతాండాది. బడి యాడికీ పోదు. నేను పిలుసుకపోతా.”

“వారం ఆగక్కా.”

“ఆగితే నీ చేత తింటాదా? సోమారం వస్తా. తింటాంటే ఉండనీ. లేకుంటే నా కాడనే పెరుగుతాది, మల్లా నువ్వు అడిగేది లేదు. ఇంతకాలం పెంచింది నేనే గదప్పా.”

“కన్నది నేను.”

“కన్నావు. ఎవురు కాదన్యారు? అన్నం తినేకి కన్నదే సాలదు.”

పెద్దక్క చెడ్డమనిషి కాదు. పిల్ల తిండి తప్ప ఆమెకు ఇంకేమీ పట్టలేదు. నేనైనా అదే అనేవాణ్ణి. ఆ వారం నాగక్క నిలకడగా కూర్చున్నది లేదు. బావి దగ్గరికి, గడప దగ్గరికి, మళ్లీ బావి దగ్గరికి. రంగు పెట్టె సుంకి కంట పడకుండా మా ఇంట్లో దాచింది. తులశమ్మ కట్టేలాంటి ఎర్రచీర మాని తెల్లచీర కట్టింది. పిల్ల అన్నీ గమనించింది, ఏదీ తినలేదు.

శుక్రవారం నాగక్క కేశవయ్య దుకాణానికి వెళ్లింది. గుడ్డ కొనే పని మీద నేను అక్కడే ఉన్నాను.

“శెట్టీ, తులశమ్మను మంచిదాన్ని చెయ్యి. ఆ పాలు పారబోయించు. నా బిడ్డ ముందర కూసుంటాది.”

కేశవయ్య గజంబద్ద పక్కన పెట్టాడు. “ఏమమ్మా, తులశమ్మ మంచిదైతే చూసేది ఎవరు? ఊళ్లో మంచోళ్లు కొదవా? వాళ్లను చూసేకి డేరాకు రావాల్నా? ఈ ఆదివారం పాప నోటికాడ గ్లాసు పెడతావు, తెర పడతాది. అంతే. వచ్చే వారం సంగతి వచ్చే వారం.”

ఆదివారం సుంకిని డేరాకు తీసుకురమ్మని నాగక్క మమ్మల్ని అడిగింది. ఎందుకని ప్రమీల అడిగితే, “నాకే సరిగ్గ తెల్లేదమ్మా. తీసుకరాండి,” అంది. పాపనూ తీసుకెళ్లక తప్పలేదు. ఆ గుంపు, ఆ ఉక్క, బీడీ పొగ. నా చెయ్యి జేబులో థర్మామీటరు మీదే ఉంది.

ముందు వరుసలో కూర్చున్నాం. మా వెనక బెంచీలో భీమక్క. సుంకి వచ్చీ రాగానే ప్రమీల ఒళ్లో తల దాచుకుంది. ఆట చివరికొచ్చింది. తులశమ్మ వెండిగ్లాసుతో వచ్చి మరిది కూతురి వేషం కట్టిన పిల్లను ఒళ్లోకి తీసుకుంది. ఊదింది. గ్లాసు పిల్ల పెదవుల దాకా తీసుకెళ్లింది. పక్కన తెరతాడు పట్టుకున్న మనిషి తాడు సవరించుకున్నాడు.

నాగక్క గ్లాసు వెనక్కి తీసుకుని తనే తాగింది.

ఒళ్లోని పిల్ల తెల్లబోయింది. హార్మోనియం ఆగిపోయింది. నాగక్క గ్లాసును నేలమీద పెట్టి, పక్కకు ఒరిగింది. తాడు మనిషి తెర దించాలో వద్దో తెలియక కేశవయ్య కోసం వెతుకుతున్నాడు.

ఆ నిశ్శబ్దానికి సుంకి తలెత్తింది. తల్లి పడి ఉండటం చూసింది. నేను పట్టుకునేలోపే బెంచీ దిగి రంగస్థలం ఎక్కేసింది.

“ఉమ్మేయ్ మా! ఉమ్మేయ్! తాగాకు, అది పిల్లోల్లకే గాదు, అందరికీ పనిచేస్తాది!” అని తల్లి నోట్లో వేళ్లు పెడుతోంది.

నాగక్క లేచి కూర్చుంది. చచ్చిన తులశమ్మ లేవడంతో డేరా అంతా హోరెత్తింది. ఆమె అటు చూడలేదు. కొంగుతో ముఖం మీది రంగు తుడుచుకుంది. అది పోకుండా అలుక్కుపోయి, సగం తులశమ్మ, సగం నాగక్క.

“ఇది గంజి సుంకీ. పొద్దున నేనే వార్చినా. ఉప్పు గూడ ఏసినా. సూడు, ఇంగా ఉండాది.”

సుంకి గ్లాసులోకి చూసింది.

“తాగాకు పాపా!” వెనక నుంచి భీమక్క బెంచీ ఎక్కి అరిచింది. “అది మొగుని కొంపనే ఆర్పింది, నిన్ను ఇడుస్తాదా? పారబోయ్!”

ఇంకో పది గొంతులు అందుకున్నాయి. పారబోయ్, పారబోయ్ అని. ఎవరో చెప్పు కూడా విసిరారు. సుంకి గుంపు వైపు చూసింది, తల్లి వైపు చూసింది. నాగక్క గ్లాసు చాచి పట్టుకుంది, అంతే.

“ఇంగొకసారి తాగు,” అంది సుంకి.

నాగక్క తాగింది.

“ఇప్పుడు ఊదు.”

“సల్లగనే ఉండాది మ్మా.”

“ఊదు.”

ఆమె ఊదింది. సుంకి రెండు చేతులతో గ్లాసు పట్టుకుని తాగేసింది. డేరా మొత్తం “అయ్యో” అంది. తాగి, మూతి తుడుచుకుని, “ఉప్పు శానా ఎక్కువైంది,” అంది.

తర్వాత జరిగింది రభస. కొందరు ఏడ్చారు, కొందరు టిక్కెట్టు డబ్బులు అడిగారు. కేశవయ్య తలపాగా చేత్తో పట్టుకుని పరిగెత్తుకొచ్చాడు.

“నట్టేట ముంచితివి గదమ్మా! సచ్చిన తులశమ్మను నేనెట్ల లేపాల? వచ్చే ఆదివారం ఏమాడించాల?”

“నా దినం ఆడించు శెట్టీ. ఊరంతా వస్తాది.”

అతను నవ్వలేదు. మర్నాడే ఆమెను కంపెనీ నుంచి తీసేశాడు. కొన్ని వారాలకు డేరా కూడా ఎత్తేశాడు. సోమవారం పెద్దక్క వచ్చేసరికి సుంకి తల్లి ఎదురుగా కూర్చుని సంగటి తింటోంది. పెద్దక్క ముద్ద ముద్దకూ చూసింది. తిన్నంతసేపూ చూసి, తనూ కంచం ముందు కూర్చుంది. సాయంత్రం బస్సుకు ఒక్కతే వెళ్లింది. ఒక్కరోజుతో అంతా చక్కబడిందని చెప్పలేను. నాగక్క ఊదితే సుంకి ఇంకా గిన్నెలోకి తొంగి చూసేది. చూసి, తినేది.

వాళ్లు ప్రొద్దుటూరులో ఇంకో కంపెనీకి పోయేరోజున మా పాపకు విరేచనాలు పట్టుకున్నాయి. నేను ఉయ్యాల దగ్గరే వంగి నిలబడ్డాను, లేచాను, మళ్లీ వంగాను. నేను వంగినప్పుడల్లా పాప ఏడుస్తోంది. నాగక్క మూట గడపలో పెట్టి లోపలికొచ్చింది.

“ఐవోరూ, మందు ఏసినావా?”

“వేశాను. ఉప్పు, చక్కెర కలిపిన నీళ్లు పడుతున్నాను.”

“మంచిది, పట్టు. అయితే నీ మొగం సూసుకున్యావా? నాకూ ఇన్నాళ్లు తెల్లేదు. రంగు కడిగితే మొగం నాదే అనుకున్యా. బిడ్డకు మన మనసులో ఉండేది యాడ తెలుస్తాది? దానికి తెలిసేది ఈ మొగమొక్కటే. పెరట్లోకి పో. భయపడేది ఆడ పడు, ఎంతసేపన్నా పడు. అయినాక మొగం కడుక్కోని బిడ్డ కాడికి రా.”

పాప రెండురోజుల్లో కోలుకుంది, ఉప్పు చక్కెర నీళ్లతోనే. ఇప్పుడు మాకు రెండో పిల్ల కూడా ఉంది. నా భయం పోలేదు, ఇద్దరయ్యాక రెండింతలైంది. థర్మామీటరు ఇంకా జేబులోనే ఉంది. కానీ ఒళ్లు వేడిగా తగిలినా, దగ్గు వినబడినా ముందు పెరట్లోకి వెళ్తాను. బావి గట్టున కూర్చుని భయపడతాను. తర్వాత రెండు దోసిళ్ల నీళ్లతో ముఖం కడుక్కుని లోపలికి వస్తాను.